ఎరుగుదును



మనుష్యుడు తన్ను తాను పోగొట్టుకొనుట యనగానే మన మనస్సునకు ముందుగా తోచునది ఏదో యొక మహాపతనము: పదవికై మిత్రుని వంచించిన మంత్రి, ధనమునకు లోబడి తీర్పు మార్చిన న్యాయాధిపతి, ప్రాణభీతిచే సత్యమును విడిచిన సాక్షి. అట్టివారి కథలు పురాణములందును పత్రికలందును కావలసినన్ని కలవు. నేడు నేను ముచ్చటింపదలచినది వారినిగూర్చి కాదు. ఎవరి సొత్తును అపహరింపక, ఇరుగుపొరుగువారిచే మంచివాడనిపించుకొనుచు, పండుగలకు పబ్బములకు పిల్లలకు కొత్తబట్టలు కుట్టించుచు, ముప్పది నలువది యేండ్లు సంసారము గడుపుకొనివచ్చి, తుదకొకనాటి సాయంకాలము వీధియరుగుమీద కూర్చుండి, ఇన్నాళ్లు ఈ యింట బ్రతికినవాడెవడా యని తెల్లబోవు సామాన్యునిగూర్చి.

మన భాషలో సర్దుకొనుట యను మాట యొకటి కలదు. పెట్టెలో బట్టలు సర్దుదుము. వంటయింట గిన్నెలు సర్దుదుము. రైలుపెట్టెలో నలుగురు కూర్చున్న బల్లకడకు అయిదవవాడు వచ్చి ‘కొంచెం సర్దుకోండి’ అనినచో మారుమాటాడక మోకాళ్లు దగ్గరకు చేర్చుకొని చోటిత్తుము. ఆ అయిదవవాడే రెండు స్టేషనులు దాటకమునుపు తన సంచిలోని వేరుసెనగకాయలు దోసెడు మన చేతిలో పోయును. ఈ సర్దుబాటు లేనిదే ఇల్లు లేదు, ఊరు లేదు. అత్తాకోడండ్రు ఒక పొయ్యిదగ్గర నిలువలేరు, అన్నదమ్ములు ఒక గట్టుకు అటునిటు దున్నుకొనలేరు. కనుక సర్దుకొనుటను నిందించుటకు నేను రాలేదు. రైలులో సర్దుకొని కూర్చున్నవాడు తన మోకాళ్లు ముడుచుకొనియున్నవని యెరుగును. దిగవలసిన చోటు రాగానే లేచి కాళ్లు చాపుకొనును. కాళ్లు ముడుచుకొనియే పుట్టితినని నమ్ముటకు అలవాటుపడినవాని మాట వేరు. వానినిగూర్చియే నా చింత.

భారతమునందు ఇట్టివాడొకడు కలడు, ద్రోణుడు. ఆయనను మనము ధనుర్వేదాచార్యుడుగా, అయిదు దినములు కౌరవసేనను నడిపిన సేనాపతిగా ఎరుగుదుము. కాని ఆయన కథ గిన్నెడు పాలతో మొదలైనదను సంగతిని అంతగా తలచుకొనము. భరద్వాజమహర్షి కుమారుడు, అగ్నివేశ్యునికడ విలువిద్య నేర్చి, పరశురామునివలన దివ్యాస్త్రములు పడసినవాడు, ఇంట మాత్రము పాడియావు లేదు. కలవారి బిడ్డలు పాలు త్రాగుచుండగా చూచి పసివాడగు అశ్వత్థామ తనకును పాలు కావలెనని యేడ్చెను. తోడిపిల్లలు బియ్యపుపిండి నీళ్లలో కలిపి యిచ్చిరి. అవి పాలేయనుకొని త్రాగి, నేనును పాలు త్రాగితినని ఆ పిల్లవాడు గంతులు వేసెనని సంస్కృతభారతము చెప్పుచున్నది. ఆ గంతులు చూచిన తండ్రి గుండె యెట్లుండునో తెలిసికొనుటకు మనము పర్వములు తిరుగవేయనక్కరలేదు.

అప్పుడాయన చేసినదేమి? చిన్ననాటి సహాధ్యాయి ద్రుపదుడు పాంచాలమునకు రాజైయున్నాడుగదా యని పోయెను. రాజునకును పేదకును చెలిమి యెక్కడిదని అతడు పరిహసించెను. అటనుండి హస్తినాపురికి వచ్చెను, బావిలో పడిన బంతిని గడ్డిపరకలతో పైకి తీసి రాకుమారులను మెప్పించెను, భీష్ముడు పిలిచి కొలువిచ్చెను, పాలు దొరికినవి. దీనిలో తప్పేమున్నది? బిడ్డకు పాలు కావలెనని కొలువులో చేరిన తండ్రిని తప్పుపట్టువాడు తండ్రి కాడు. అయితే కొలువు చేయువాడు కొలువిచ్చినవారి బిడ్డలకు మేలు కోరవలెను. అర్జునునకు సాటి విలుకాడు లోకమున నుండడని శిష్యునకు మాట యిచ్చెను. ఆ మాట నిలుపుకొనుటకు, తాను నేర్పని విద్యకు దక్షిణగా, అడవిలో తన మట్టిబొమ్మ నిలుపుకొని నేర్చుకొన్న నిషాదబాలుని కుడిచేతి బొటనవ్రేలు అడిగెను. పాలగిన్నెకును ఆ తెగిపడిన వ్రేలికిని నడుమ ఎన్ని అడుగులున్నవో చూడుడు. ఏ యొక్క అడుగును పెద్దది కాదు. తరువాత నిండుసభకు ద్రౌపదిని ఈడ్చుకొనివచ్చినప్పుడు ఆచార్యుడు ఊరకుండెను.

యుద్ధము తొలినాడు ధర్మరాజు కవచము విప్పి, ఆయుధములు విడిచి, కాలినడకను శత్రుసేనలోనికి వచ్చి పెద్దలకు మ్రొక్కిన ఘట్టము మీకు జ్ఞాపకముండును. అప్పుడు ద్రోణుడు దాపరికము లేక చెప్పెను: తాను కౌరవుల ధనముచే కట్టువడినవాడు, అందుచే వారి పక్షమున పోరక తప్పదు, మనస్సు మాత్రము నీ జయమునే కోరుచున్నదని. భీష్ముడును, కృపుడును అట్లే చెప్పిరి. చాలమంది ఈ మాటలను దైన్యముగా చదువుదురు. నాకు మాత్రము ద్రోణుని కథయంతటిలో ఆయన తన ముఖము తాను చూచుకొన్న ఘట్టమిదియే యని తోచును. ఎవరికి వంగెనో, ఎందులకు వంగెనో, దానికి వెల యేమో, పేరుపెట్టి చెప్పగలిగెను. ఆ ముహూర్తమున ఆయన ఇంకను భరద్వాజుని కొడుకే.

పది దినములు గడచి సేనాపత్యము చేతికి వచ్చినపిదప ఆ పేరు మారినది. నేను వంగితిని అన్నవాడు, ఇది నా ధర్మము అనుటకు అలవాటుపడెను. పదమూడవనాడు వ్యూహమున చిక్కిన ఒంటరిబాలుని చేతి విల్లు ఏవిధముగ తునుమవలెనో కర్ణునకు తానే చెప్పెను. పదునైదవనాడు అస్త్రమనగా నేమో యెరుగని కాల్బలముపై బ్రహ్మాస్త్రము ప్రయోగించెను. అప్పుడు ఋషులు అంతరిక్షమున కనబడి, నీవు వేదవేదాంగవిదుడవు, ఈ క్రూరకర్మము నీకు తగినది కాదు, ఆయుధము విడువుమని చెప్పిరి. ఆ ఋషులలో ఆయన కన్నతండ్రియు నుండెను. పై లోకమునుండి తండ్రి దిగివచ్చి కొడుకునకు నీవెవరవో చెప్పవలసివచ్చినదన్నమాట. ఆ వెనుక అశ్వత్థామ హతుడయ్యెనను మాట చెవిని పడగా విల్లు జారవిడిచెను. నన్నయగారి ఆదిపర్వమున పాలకొరకు యాతనపడిన బిడ్డకును, తిక్కనగారి ద్రోణపర్వమున వట్టి పేరుగా వినవచ్చిన బిడ్డకును నడుమ మన తెలుగున రెండువందల యేండ్ల యెడమున్నది. ఆ తండ్రి ఆ యెడమంతయు ఒక్క జన్మలో నడచెను.

పురాణపురుషుని విడిచి నేనెరిగిన మనిషిని గూర్చి చెప్పెదను.

మా పినతండ్రిగారు కృష్ణాతీరమున నొక చిన్న పట్టణములో, సబ్ రిజిస్ట్రారు ఆఫీసు వరండాలో, దస్తావేజులేఖరిగా నలువదియేండ్లు పనిచేసిరి. హైస్కూలు చదువునకై నేను నాలుగేండ్లు వారింటనే యుంటిని. వారు సంస్కృతాంధ్రములు చక్కగా చదివినవారు. బడిపంతులు పని దొరకక, ముత్యాలకోవవంటి దస్తూరి యుండుటచేత ఈ వృత్తిలోనికి దిగిరి. ఒక వాలుబల్ల, సిరాబుడ్డి, నాలుగు పాళీలు, ముద్రలు వేయించుటకు నల్లసిరా మెత్త, ఇవి వారి సామగ్రి. మధ్యాహ్నము బడి విరామమున వారికి భోజనపు క్యారేజి నేను తీసికొనిపోవుచుంటిని. ఆ వరండాలోని స్తంభమొకటి నేటికిని నా కన్నులకు కట్టినట్లున్నది. ముద్ర వేసివచ్చినవారు వ్రేలిసిరా తుడుచుకొనుటకు గుడ్డపేలిక దొరకక కొందరు తలవెండ్రుకలకు రాచుకొనెడివారు, తక్కినవారు ఆ స్తంభమునకు రాచెడివారు. తెల్లని సున్నముమీద నడుమెత్తునుండి భుజములెత్తువరకు మరకపై మరకగా నల్లబడిపోయి, ఎవరి మరక యెవరిదో తెలియకుండ నుండెడిది.

వినుటకు విసుగనిపించినను ఆ ఆఫీసు తీరు కొంచెము చెప్పవలెను. పొలమో ఇల్లో అమ్మినవాడు క్రయదస్తావేజు వ్రాయించుకొని లోనికి పోగా, రిజిస్ట్రారు ముందుగా తేల్చుకొనవలసినది ఆ వచ్చినవాడు నిజముగ వాడేనా యని. 1908 నాటి రిజిస్ట్రేషను చట్టము ఆ భారమును ఆయనపై నుంచినది. ఆయన ఊరివారినందరను ఎరుగడుగదా. కనుక ఎరిగినవారిద్దరు ముందునకు వచ్చి, ‘ఈతనిని నేనెరుగుదును’ అని చెప్పి, దస్తావేజు వెనుకవైపున, బొటనవ్రేలి ముద్ర దాపున, నిరూపించినవారుగా చేవ్రాలు చేయవలెను. కోట్ల ఆస్తులు ఈనాటికిని ఆ చిన్నమాటమీద చేతులు మారుచున్నవి.

మా పినతండ్రిగారికి ‘తెలియదు’ అనుట యనగా ప్రీతి. నేను ఏ మాటకు అర్థమడిగినను, అది వారికి కంఠస్థమైనదైనను, తటాలున చెప్పెడివారు కారు. ‘తెలియదురా, చూద్దాం’ అని లేచి గూటిలోనుండి శబ్దరత్నాకరము తీసెడివారు. బహుజనపల్లి సీతారామాచార్యులవారు 1885లో ప్రకటించిన ఆ నిఘంటువు మా పినతండ్రిగారియింట దేవుని పీటప్రక్కన నుండెడిది. దానిని ముట్టుకొనుటకుముందు చేతులు కడుగుకొనవలెను. ఆ ‘తెలియదు’లో ఎంత హాయి యుండెడిదో, ఆ వాకిలి తెరచుకొని మేమిరువురము ఎంత దూరము పోయెడివారమో, నేను వర్ణింపజాలను.

ఒక వానకాలపు సాయంకాలము. లంకగ్రామమునుండి ముసలమ్మ యొకతె మనుమరాలి పెండ్లికై అరయెకరము అమ్ముటకు వచ్చినది. నిరూపింపవలసినవారిలో ఒకడు వచ్చెను. రెండవవాడు పడవ యందక అవతలిరేవుననే చిక్కుకొనెను. ఆఫీసు మూయుటకు అరగంట యున్నది. కొనువాడు రేపు రాననుచున్నాడు. పెండ్లి నాలుగు దినములున్నది. ఆమె ఎవరిని ఏమియు అడుగలేదు. స్తంభము నానుకొని, సిరామరకలు పమిటకు అంటుచుండగా, చప్పుడు లేక ఏడ్చుచు నిలిచినది. బడి విడిచి వచ్చి నేనచటనే యుంటిని. పినతండ్రిగారు ఆమెవంక రెండుమారులు చూచిరి. మూడవమారు చూడక, కలము తీసికొని లోనికి పోయి, సంతకము చేసివచ్చిరి.

రాత్రి భోజనములవేళ పినతల్లిగారు అడిగిరి: ‘ఆవిడెవరో మీకు తెలుసునా?’

‘ఇప్పుడు తెలిసిందిగా.’

ఆమె మజ్జిగ వడ్డించుచు ఊరకుండిరి. ఆయనయే మరల, ‘తప్పు చేశానంటావా?’ అనిరి.

‘తప్పని కాదు. ఎప్పుడూ తెలియదంటారుగా, ఇవాళ అనలేదేమా అని.’

ఆ రాత్రి ఆయన మూడుమారులు లేచి కుండలోని నీళ్లు ముంచుకొని త్రాగిన చప్పుడు నాకు వినవచ్చినది. నెల తిరుగకుండ మరియొకడు వచ్చెను, ఆస్పత్రిలో భార్య యున్నదని. ఆ రాత్రి ఒకమారే లేచిరి. మూడవవానినాటికి నీళ్లచప్పుడు లేదు. శాస్త్రులుగారు దయగలవారు, సంతకము పెట్టుదురని వరండాయంతయు ఎరిగినది. ఆయన ఎవరిని పైకమడుగలేదు. పనియైనవారు వెళ్లుచు సిరాబుడ్డిక్రింద అర్ధరూపాయి ఉంచిపోయెడివారు. కొన్నాళ్లు దానిని దేవాలయపు హుండీలో వేసిరి. పినతల్లిగారికి టైఫాయిడు వచ్చిన నెలలో వేయలేదు. నేనొకనాడు ఆ నాణెము చూపి యిదేమని అడుగగా, ‘మామూలు’ అనిరి.

మామూలు! అరబ్బుదేశమునుండి వచ్చి మన నోళ్లలో నాటుకొన్న ఈ మాటనుగూర్చి నేను తరచు ఆలోచించుచుందును. ఎప్పుడును జరుగునదియు మామూలే, లంచమును మామూలే. ఎట్లున్నావన్న ప్రశ్నకును అదియే జవాబు. మొదట సాయమని పేరుపెట్టిన పనికి, తరువాత మామూలని పేరు వచ్చినపుడు, ఇక దానికి పేరే అక్కరలేదు. గాలివలె ఎక్కడ చూచినను అదియే. ముసలమ్మకై చేసిన సంతకమును నేను నేటికిని తప్పనలేను. అది తప్పో ఒప్పో తేల్చుకొనలేక మూడుమారులు నీళ్లకు లేచినవాడు చెక్కుచెదరని మనిషి. నా విచారమంతయు ఆ మూడవ రాత్రినిగూర్చియే.

కొన్నియేండ్లకు ఏదో యొక దస్తావేజుపై వ్యాజ్యము వచ్చి మునసబు కోర్టువారు ఆయనను సాక్షిగా పిలిచిరి. ప్లీడరు ఒక స్త్రీని చూపి, ఈమెను ఎన్నాళ్లనుండి ఎరుగుదురని అడిగెను. ‘చిన్ననాటినుంచి’ అనిరి పినతండ్రిగారు. ఎరుగనన్నచో తన చేవ్రాలే అబద్ధమగును. ఆ దస్తావేజు నిజమైనదేయని తరువాత తేలినది. ఎవరికిని కాసంత నష్టము జరుగలేదు, ఎవరును ఆయనను వేలెత్తి చూపలేదు. కథలలోవలె ఏదైన ఉపద్రవము వచ్చియుండినచో బహుశః ఆయన మేలుకొనియుండెడివారు. ఏమియు జరుగకపోవుటయే జరిగిన కీడు.

నేను గమనించినది మరియొకటి. వారింట నా నాలుగవయేడు, మా తెలుగుపండితులు పాఠము చెప్పుచు ‘మొగమోటము’ అను మాటకు వ్యుత్పత్తి కనుగొనిరండనిరి. ఎదుటివాని ముఖము చూచి కాదనలేకపోవుట. నేటి మొహమాటమే అది. మొగము సరియే, ఆ రెండవముక్క ఏమిటని ఇంటికి వచ్చి అడిగితిని. పినతండ్రిగారు దస్తావేజునుండి తల యెత్తకుండనే ఏదో చెప్పిరి. లేవలేదు, గూటివంక చూడనైన లేదు. ‘చూద్దామా బాబాయ్?’ అంటిని. ‘చూడ్డమెందుకురా, నాకు తెలుసు’ అనిరి. మరునాడు తరగతిలో నేనది అప్పగింపగా పండితులు కనుబొమలు ముడిచి, ఎవరు చెప్పిరని అడిగిరి. ‘మా బాబాయి నిఘంటువు చూసి చెప్పారండి’ అంటిని. చూడలేదని నాకు తెలియును. ఆయన పరువు నిలుపుటకు నేనాడిన ఆ మాట నా జీవితములో నేను చేసిన మొదటి సాక్షిసంతకము.

అది మొదలు ఆయన ఎవరేమడిగినను తెలుసుననుట నేను వినుచునే యుంటిని. ఫలానా ఊరు? తెలుసు. ఫలానావారి కుటుంబము? తెలుసు. ఆ రాగమేమిటి? తెలుసు. వరండాలో పెట్టిన సంతకము ఇంటిలోనికి నడచివచ్చినది. మనుష్యుడు తన్ను పోగొట్టుకొనుట యనగా ఇంతకంటె వేరుగా నేనెరుగను. వారి దయ పోలేదు, ప్రేమ పోలేదు, పాండిత్యమును పోలేదు. ‘తెలియదు’ అనగల మనిషి మాత్రము ఆ యింటినుండి ఏనాడు వెడలిపోయెనో ఎవరును చూడలేదు.

ఇంత చెప్పిన నేను ఒడ్డున నిలిచి చెప్పుటలేదు. రచయితగా నాలుగక్షరములు పేరు వచ్చిన పిమ్మట, చదువని కావ్యములకు పీఠికలు వ్రాసితిని. తెచ్చినవాడు స్నేహితుని కొడుకు. ముఖము చూడగానే కాదనలేకపోయితిని. మొదటిదానికి సగమైన చదివితిని. తరువాతివాటికి విషయసూచిక చాలినది. ‘ఈ కవిని నేను చిరకాలముగా నెరుగుదును’ అని ఆరంభింపని పీఠిక నాది ఒక్కటియు లేదు. ఒక యువకుడు నా మాటలు నమ్మి, నేను మెచ్చితినన్న పద్యమేదో చూపుమని నా పీఠిక చేతబట్టుకొని వచ్చినదాక, నేను చేయుచున్నది ఆ వరండాలోని పనియేయని నాకు తట్టలేదు.

ఇప్పుడు మా పినతల్లిగారినిగూర్చి చెప్పెదను.

చవుకధరల దుకాణమున బియ్యము తెచ్చుకొనుటకు యంత్రముమీద వ్రేలుంచవలెనని కొన్నేండ్లక్రిందట నియమము వచ్చినదికదా. ఆమె ఎనుబదియేండ్లకు దగ్గరపడినవారు. సంచి పట్టుకొని పోగా యంత్రము ఆమె బొటనవ్రేలిని గుర్తింపలేదు. వ్రేలు తుడిచి మరల ఉంచిరి, గుర్తింపలేదు. చూపుడువ్రేలు, నడిమివ్రేలు, దేనినిని గుర్తింపలేదు. ‘మీ వేళ్లకు గీతల్లేవు మామ్మగారూ’ అని దుకాణదారు జాలితోనే చెప్పెను. అరువదియేండ్లు బూడిదతో, ఆపైన సబ్బుపొడితో, అంట్లు తోమిన చేతులు. ఏటేట గోడలకు సున్నము కొట్టుకొన్న చేతులు. తాపీపనివారికిని సిమెంటు కలుపువారికిని ఇట్లే జరుగుచున్నదని తరువాత తెలిసినది. ఆమె ఆనాడు ఇంటికి వచ్చి కిటికీవద్ద వెలుతురులో తన వ్రేళ్లు త్రిప్పి త్రిప్పి చూచుకొనిరట. నాకు ఫోనులో చెప్పుచు, ‘మీ బాబాయి ఊళ్లోవాళ్లందరి చేతా వేలిముద్రలు వేయించారు. నావే లేకుండా పోయాయిరా’ అనిరి.

వ్రేలిముద్ర మారదని మనము నమ్ముదుము. 1858లో వంగదేశమున హెర్షెల్ అను ఆంగ్లాధికారి కంకర సరఫరాకు ఒప్పుకొన్న కంట్రాక్టరుచేత ఒప్పందపుకాగితమువెనుక అరచేయి అద్దించుటతో మొదలై, తరువాతి యేండ్లలో అతడే తన వ్రేళ్ల ముద్రలు మరల మరల తీసి పోల్చి చూచి, వయసు వచ్చినను గీత మారదని గ్రహించెను. మారదన్నది నిజమే, కాని అరుగును. నేను ఆమెను మా యింటికి తీసికొనివచ్చి నెలదినములు గిన్నె ముట్టనీయలేదు. ఊరకుండుట ఆమెకు శిక్షవలె నుండెను. నా కోడలు చూడకుండ రెండుమారులు తోముడుపీచు పట్టుకొనిరి. రాత్రులు కొబ్బరినూనె రాచితిమి. వైద్యుడొకడు చెప్పెను: పైపొర అరిగినను అచ్చు లోపొరయందుండును, రాపిడి మానినచో అదే గీత, అదే వంపుతో మరల పైకి వచ్చును, గాయము లోపొరదాక దిగినచోట మాత్రము మచ్చ నిలిచిపోవునని. నెల గడచినపిదప ఊరికి పోయి ఆమె యంత్రముమీద వ్రేలుంచగా, పేరు వచ్చినది. ఆ పేరును, ఇంటిపేరుతోసహా, దుకాణదారు పైకి చదివెనట. తన పేరు పరాయి నోట నిండుగా విని చాలకాలమైనదని ఆమె నాతో అనిరి.

మరుసటియేడు వారిల్లు అమ్మివేసి కుమార్తెకడకు పోవ నిశ్చయించిరి. 1998 మొదలు రిజిస్ట్రేషను ఆఫీసులకు కంప్యూటర్లు వచ్చుటచే ముత్యాలకోవతో పని తీరిపోయి పినతండ్రిగారు ఇంటిపట్టుననే యుండిరి. క్రయము నాడు నిరూపించుటకు నన్ను రమ్మనిరి. వరండా ఉన్నది, స్తంభమునకు టైల్సు అతికించినారు. లోన గుమాస్తా నావంక చూచి, ‘ఈయన మీకు తెలుసా?’ అని అడిగెను. ఆయన నా ప్రక్కన కుర్చీలో చేతికర్ర ఆనించుకొని కూర్చుండి నా ముఖము చూచుచుండిరి. తెలుసునంటిని. సంతకము చేయునపుడు నా చేయి కొంచెము నిలిచినది. అది ఆయన చూచిరి.

మరునాడు ఇల్లు ఖాళీ చేయుచు అటకమీదినుండి పుస్తకములు దింపితిమి. రఘువంశమును చెదలు పూర్తిగా తినివేసినవి. శబ్దరత్నాకరమునకు అట్టయు, మొదటి పుటలును పోయినవి. లోపల చాలభాగము నిలిచియున్నది. నేనది చెత్తలో వేయవలెనా వలదా యని చేతబట్టుకొని నిలిచియుండగా, ఆయన, ‘ఇలా తేరా’ అనిరి. ఒడిలో పెట్టుకొని చేతితో మట్టి తుడిచిరి. చాలసేపు మాటాడలేదు.

‘చిన్నప్పుడు నన్నొక మాట అడిగావు. మొగమోటము.’

‘ఔను బాబాయ్.’

‘ఆవేళ నాకు తెలియకుండానే చెప్పాను.’

నేనేమియు అనలేకపోయితిని. పినతల్లిగారు గడపలో మూట కట్టుచు చేయి ఆపి ఇటు చూచిరి. ఆయన కండ్లజోడు పైపంచెతో తుడిచి పెట్టుకొని, ‘మకారం ఎక్కడుందో, ఉందో లేదో. చూద్దాం’ అని పుటలు ఒక్కొక్కటిగ తిప్పసాగిరి. లారీవాడు వీధిలో హారను మ్రోగించుచుండెను. పినతల్లిగారు లేచి, కాసేపు ఆగమని చెప్పుటకు వాకిటిలోనికి పోయిరి.